ఊరక నెలలో ఈదిన పంది

ఒరువా దీవిలో తవేమో చెప్పేదాకా నెల మొదలైనట్టు కాదు. చందమామ అందరికీ కనబడుతూనే ఉన్నా సరే, అతను గట్టు మీద నిలబడి శంఖం ఊదాలి. అంతకుముందు వాళ్ల నాన్న ఊదేవాడు. ఊరంతా అతన్ని నెలపెద్ద అంటుంది. వాళ్లక్క మురావి మాత్రం ఒరేయ్ అంటుంది.

ఏడాదికి మొదటిది నడక నెల. ఆ పున్నమికి సముద్రం బాగా వెనక్కి తీసి, ఒరువాకీ ఎదుటి లేము లంకకీ మధ్య ఇసుకదారి తేలుతుంది. నెలపెద్ద ముందు నడవాలి. మోకాళ్లు తడవకుండా అవతలి ఒడ్డు చేరి శంఖం ఊదితే కొత్త ఏడాది వచ్చినట్టు. తడిస్తే ఆ నెల లెక్కలోకి రాదు. దాన్ని ఊరక నెల అంటారు. ఊరక నెలలో అన్న మాట ఊరికే పోతుంది. పెట్టిన ఒట్టు ఒట్టు కాదు, పడ్డ తగువు తగువు కాదు. మురావి ఊరక నెలలోనే పుట్టింది. అందుచేత తన వయసు ఇంకా మొదలే కాలేదనీ, తమ్ముడికన్నా తానే చిన్నదాన్ననీ వాదిస్తూ ముసలిదైపోయింది.

తవేమో భార్య పోయి చాలాకాలమైంది. లేములో చాపలల్లే హినాలేకి కూడా మొగుడు లేడు. కిందటి నడక నెలలో ఆమెను అడుగుదామనే వెళ్లాడు. వాకిట్లో కూర్చుని గాలి సంగతి చెప్పాడు. చేపల సంగతి చెప్పాడు. మళ్లీ గాలి దగ్గరికి వచ్చేసరికి నీరు తిరిగింది, ఇసుకదారి మునగసాగింది. నీరు తిరిగినప్పుడు శంఖం ఊది జనాన్ని వెనక్కి తోలుకుపోవడం కూడా అతని పనే. ఊది, తోలుకుపోయాడు.

పడవ మీద వెళ్లి అడగడానికి లేదు. పడవలో వచ్చిన మొగుడు పడవలోనే పోతాడని రెండు దీవుల్లోనూ సామెత. పెళ్లి మాట కాళ్ల మీదే వెళ్లాలి.

ఈ ఏడు, ఆఖరిదైన పీతల నెల చివర్లో మురావి కబురు తెచ్చింది.

"ఒరేయ్, లేములో వలలల్లే కొపూరి లేడూ, హినాలే ఇంటికి కప్పు నేస్తున్నాడంట."

"కారితే నెయ్యరా మరి."

"కారని చోట కూడా నేస్తున్నాడంట. వాడికి సముద్రంతో పనేముంది, నాలుగు గుమ్మాలు దాటితే చాలు."

ఆ పున్నమికే తవేమో నడక నెల వచ్చేసిందని చాటాడు. నత్తలు రాళ్ల పైకి ఎక్కితేనే గదా నడక నెల, ఇంకా ఎక్కలేదే అని ఒక ముసలాయన అడిగితే, ఎక్కుతాయిలే అన్నాడు. కొత్త ఏడాది విందు ముందుగా వస్తుందంటే కాదనేవాళ్లు ఎవరుంటారు. కందగడ్డల గంపలు నెత్తికెత్తుకుని ఊరంతా వెనక బయల్దేరింది. తవేమో భుజాల మీద పెళ్లి మాటకు పెట్టాల్సిన పంది ఉంది.

సగం దారిలో నీళ్లు పిక్కలు దాటాయి. అతను మునివేళ్ల మీద నడవడం మొదలుపెట్టాడు.

"ఒరేయ్, మోకాళ్లు తడిశాయా?" వెనకనుంచి మురావి.

"లేదు. నీళ్లకి పైనే ఉన్నాయి."

"నీళ్లు నడుందాకా వచ్చాయి కదరా. నీ మోకాళ్లు చంకల్లో ఉన్నాయా?"

అతను భుజాల మీది పందిని ఇంకాస్త పైకి ఎగదోస్తుంటే అది నీళ్లలోకి దూకింది. దానికి సందేహాలేమీ లేవు. తిన్నగా లేము వైపు ఈదుకుంటూ పోయింది. తవేమో తిరిగొచ్చి, గట్టెక్కి, ఇది ఊరక నెల అని తన నోటితోనే చాటాల్సి వచ్చింది.

పంది సంగతి తేల్చడానికి పెద్దలు కూర్చున్నారు. నడిచి వెళ్లలేదు, పడవలోనూ వెళ్లలేదు. ఈతకు సామెత లేదు. ఊరక నెలలో ఇచ్చింది ఇచ్చినట్టు కాదు గనక పంది తవేమోదే, కాకపోతే అక్కడుంటుందని తేల్చారు. కొన్నాళ్లకు పడవవాళ్ల చేత హినాలే కబురు పంపింది. "నీ పంది నా తోటంతా తవ్వేసింది. ఇది తగువు కాదు. ఊరక నెల కదా, ఊరికే చెబుతున్నాను."

ఆ పడవలోనే ఇంకో కబురూ వచ్చింది.

"కొపూరి అడిగేశాడంట," అంది మురావి.

తవేమో శంఖం తుడవడం ఆపాడు. "ఏమందంట?"

"ఊరక నెలలో అడిగితే ఏం లాభం, నెల మొదలయ్యాక రమ్మందంట."

తరవాతి పున్నమికి నత్తలు రాళ్లెక్కాయి. ఇసుకదారి గచ్చులా తేలింది. తవేమో పొడి కాళ్లతో లేము చేరాడు గానీ ఒడ్డున శంఖం ఊదలేదు. చంకలో పెట్టుకుని తిన్నగా హినాలే వాకిట్లోకి వెళ్లాడు. గుమ్మం పక్కన కొపూరి కొత్త చాప మీద కూర్చుని ఉన్నాడు. బాగా బలిసిన పంది అతని పక్కనే పడుకుని ఉంది.

"ఏం నెలపెద్దా, ఊదలేదేం?" అంది హినాలే.

"ఊదితే నెల మొదలవుతుంది."

"అందుకేగా వచ్చావు."

"మొదలైతే ఇతను అడుగుతాడు."

"అడిగితే నీకేం?"

తవేమో ఆకాశం వైపు చూశాడు. "గాలి పడమటి నుంచి..."

"గాలి సంగతి కిందటేడు చెప్పావు."

అప్పటికి ఊరంతా వాకిట్లో చేరింది. కొపూరి లేవడానికి ఒక చెయ్యి నేలకు ఆనించాడు. తవేమో శంఖం ఎత్తి ఊదాడు. ఆ ఊపిరి చివర్లోనే, శంఖం పూర్తిగా దించకుండానే, నన్ను చేసుకుంటావా అన్నాడు. మాట శంఖంలో పడి ఊరందరికీ వినిపించింది.

"ముందు మోకాళ్లు చూపించమనండి," అన్నాడు కొపూరి.

మురావి వంగి తడిమి చూసింది. "పొడిగానే ఉన్నాయి. చంకలే తడిశాయి."

హినాలే పంది వైపు చూసింది. "ఇది ఇంక ఒరువా రాదు. ఇక్కడ అలవాటు పడింది. దీనితో పాటు నువ్వూ ఉండేటట్టయితే సరే."

తవేమో తలూపాడు. తరవాత గాలి సంగతి, చేపల సంగతి వరసగా చెప్పుకుపోయాడు. ఈసారి హినాలే మధ్యమధ్య అడ్డుపడి సరిదిద్దింది.

"ఒరేయ్," అంది మురావి చాలాసేపటికి, "నీరు తిరిగిందా?"

అందరూ ఒడ్డు వైపు చూశారు. ఇసుకదారి లేదు. శంఖం పంది పక్కన పడి ఉంది.

ఒరువా జనమంతా ఆ పూట హినాలే ఇంట్లోనే ఇరుక్కుని పడుకున్నారు. తెల్లవార్లూ వాన కురిసింది. కప్పు ఎక్కడా కారలేదు.