ఓడిపోదామని కూర్చున్న రోజు

గెలవలేక ఏడ్చినవాళ్ళను మీరు బోలెడుమందిని చూసే ఉంటారు. ఓడిపోలేక ఏడ్చినవాణ్ణి చూడాలంటే మాత్రం బిలాస్‌పూర్ రైల్వే కాలనీలో మా క్వార్టర్ దాకా రావాలి. నా నిశ్చితార్థాన్ని నేనే చేజేతులా ముంచుకోబోయిన ఈ కథను మా ఇంటికొచ్చిన ప్రతి చుట్టానికీ టీతోపాటు వడ్డిస్తుంటారు. వాళ్ళు ఉప్పూ కారం జల్లి చెప్పేలోపు నేనే చెప్పేసుకోవడం నయం.

ముందు నా జబ్బు సంగతి. నాకు చదరంగం రాదు. ఏనుగు తిన్నగా పోతుందనీ, గుర్రం వంకరగా దూకుతుందనీ తెలుసు, అంతే. కానీ గ్రాండ్‌మాస్టర్ల చరిత్ర అడగండి! పన్నెండేళ్ళకే ఆ బిరుదు కొట్టినవాడెవడు, ఆ బిరుదుకి కావలసిన మూడో నార్మ్ అర పాయింటు తేడాతో చేజారి ఏళ్ళకేళ్ళు తిరిగినవాడెవడు, మంత్రిని ఎర వేసి ప్రపంచ విజేతనే కూలదోసినవాడెవడు, అన్నీ నోటికొచ్చు. వంట రానివాడు హోటల్ మెనూ బట్టీ పట్టినట్టన్నమాట. ఆఫీసు క్యాంటీన్‌లో రోజూ ఇదే నా ఉపన్యాసం. వినేవాళ్ళు ఆ ఆటలన్నీ నేనే ఆడాననుకునేవారు. నేనూ కాదనేవాణ్ణి కాదు.

ఇంతలో నాకు సంబంధం కుదిరింది. అమ్మాయి పేరు మాధవి, అర్పా నది అవతల సర్కండాలో వాళ్ళిల్లు. పెళ్ళిచూపుల్లో ఒక్కసారి నవ్విందండీ, అంతే, నా పని అయిపోయింది. నిశ్చితార్థానికి బుధవారం పదకొండుంపావుకి ముహూర్తం పెట్టారు. సెలవడిగితే మా సెక్షన్ పెద్ద సాహూజీ ఫైల్లోంచి తలెత్తకుండానే, "ఇన్‌స్పెక్షన్ హై భాయ్. ఛుట్టీ నహీ" అన్నారు.

సరిగ్గా ఆ బుధవారమే మా రైల్వే ఇన్‌స్టిట్యూట్ హాల్లో డివిజన్ల మధ్య చదరంగం పోటీలు మొదలవుతున్నాయి. జట్టులో ఉన్నవాళ్ళకి స్పెషల్ లీవు. దాన్ని ఆపడం సాహూజీ తరం కూడా కాదు. పరుగున పోయి పేరిచ్చేశాను.

జట్టు కెప్టెన్ రామారావు గారిది తాతల కాలంలో శ్రీకాకుళం నుంచి వచ్చి ఇక్కడ స్థిరపడిన కుటుంబం. నన్ను చూడగానే కావలించుకున్నంత పని చేశారు.

"ఇన్నాళ్ళూ ఏటి చేస్తన్నావురా! క్యాంటీన్ల నీ మాటలు నాను విన్లేదనుకున్నావేటి? ఫస్టు బోర్డు నీదే."

"అంత పెద్దది నాకెందుకండీ?"

"నోర్ముయ్. ఇంకోటి, ఇరవై ఎత్తుల్లోపు ఓటమొప్పుకుని రిజైన్ చేసినోడికి స్పెషల్ లీవు కట్. ఆబ్సెంటే పడతాది."

ఈ షరతుకి నేను బెదరలేదు. రాజు చిక్కి ఓడిపోతే రిజైన్ చేసినట్టు కాదుగా. తొమ్మిదిన్నరకి ఆట మొదలు. పావుగంటలో శుభ్రంగా ఓడిపోవడం, ఆటో ఎక్కడం, వంతెన దాటడం, పదిన్నరకల్లా సర్కండాలో దిగడం. టీమ్ టీషర్టు లోపల సిల్కు చొక్కా కూడా తొడుక్కున్నాను. మీరే చెప్పండి, ఓడిపోవడంలో నన్ను మించినవాడెవడు?

ఎదురుగా తివారీజీ అని పక్క డివిజన్ పెద్దాయన. కూర్చుంటూనే నాకు దండం పెట్టాడు.

"గ్రాండ్‌మాస్టర్ల ఆటలన్నీ మీకు కంఠస్థమట కదా. మా ఊరి దాకా వినిపించింది" అన్నాడు హిందీలో. నా నోటికి అంత దూరం పాస్ ఎవరిచ్చారో!

అయిదో ఎత్తులో నా మంత్రిని తీసుకెళ్ళి ఆయన బంటు నోట్లో పెట్టాను. బళ్ళో పిల్లలైనా ఠక్కున తినేస్తారు. తివారీజీ చెయ్యి చాపాడు. నా ప్రాణం లేచొచ్చింది. ఆ చెయ్యి గాల్లోనే ఆగిపోయింది.

"బలిదాన్..." అని గొణిగి, రెండు చేతులతో తల పట్టుకుని ఆలోచనలో పడ్డాడు.

పది నిమిషాలు. ఇరవై. నలభై. లోపల సిల్కు చొక్కా తడిసి ఒంటికి అతుక్కుపోయింది. ఆగలేక గొంతు తగ్గించి, "తీసుకోండి సార్, ఏమీ కాదు" అన్నాను.

"అచ్ఛా! అంత ధీమానా?" అని ఆయన మంత్రిని ముట్టుకోకుండా గుర్రాన్ని వెనక్కి లాక్కున్నాడు. మాట్లాడినందుకు అంపైరు నాకేసి గుడ్లురిమాడు. సరేనని ఏనుగును కూడా ఆయన ఒళ్ళో కూర్చోబెట్టినంత పని చేశాను. ఈసారి కళ్ళజోడు తీసి తుడుచుకుని మరీ ఆలోచించాడు.

ఫోను మోగితే ఆట పోయినట్టే. పోనీ అలాగైనా బయటపడదామంటే, ఫోన్లన్నీ కెప్టెన్ సంచీలో ఉన్నాయి. మధ్యలో లేచిపోతే ఇన్‌స్పెక్షన్ రోజున ఆబ్సెంటు.

నా వెనక రామారావు గారు మొదట, "మంత్రినొగ్గేసి ఏటి చేస్తన్నావురా?" అని పళ్ళు నూరారు. తివారీజీ అవస్థ చూశాక గొంతు మారిపోయింది. "ఓరి నీ దుంపతెగ! ఏటి ఎత్తేసినావురా!"

పదకొండూ పదికి, ఆటగాడికి గంటన్నర చొప్పున ఇచ్చిన టైము తివారీజీ గడియారంలో అయిపోయింది. అంపైరు నేను గెలిచానన్నాడు. నాకు ఏడుపొచ్చింది. అవి ఆనందబాష్పాలనుకుని అందరూ చప్పట్లు కొట్టారు.

"ఆ మంత్రిని తింటే నేనెక్కడ చస్తానో ఇంకా బోధపడలేదు గురూజీ" అన్నాడు తివారీజీ.

నాకు మాత్రం బోధపడిందేమిటి?

దండ, లడ్డూ, ఫొటో, అన్నీ ముగించి వదిలేసరికి ముహూర్తం దాటిపోయింది. సర్కండాలో ఆటో దిగేసరికి పన్నెండు. గుమ్మంలోనే మా అమ్మ పట్టుకుంది.

"ఏటైపోనావురా! ముహూర్తం పోతందని పెద్దలమే తాంబూలాలు మార్చీసుకున్నాం. పిల్ల మాత్రం నువ్వొచ్చి సంగతి చెప్పేదాకా ఉంగరం తొడగనంటంది."

లోపల నలభైమంది చుట్టాలు. మాధవి వాళ్ళ నాన్నగారు, "పిల్ల నచ్చకపోతే ముందే చెప్పాలి గదా బాబూ" అన్నారు. మాధవి నవ్వడం లేదు. ఈ పిల్ల నాకు దక్కదేమోననిపించింది. ఇక దాచడం నావల్ల కాలేదు. చదరంగం రాదని, సెలవు కోసం చేరానని, మంత్రినీ ఏనుగునీ పళ్ళెంలో పెట్టి ఇచ్చానని, అందరి ముందూ మొత్తం కక్కేశాను.

మాధవి నిదానంగా అడిగింది. "అంటే ఓడిపోదామనే కూర్చున్నారు?"

"అవునండీ."

"గంటన్నరసేపు ట్రై చేశారు?"

"ప్రాణం పెట్టి చేశానండీ."

"అయినా ఓడిపోలేకపోయారు?"

"ఓడిపోలేకపోయానండీ."

పళ్ళెంలోంచి ఉంగరం తీసి నా చెయ్యి పట్టుకుంది. "టెన్షన్ పడకండి. పెళ్ళయ్యాక మీకు ఆ కష్టం ఉండదు."

ఇల్లు ఇల్లంతా గొల్లుమంది. అందరికంటే గట్టిగా నవ్వింది మా కాబోయే మామగారే.

ఏడేళ్ళయింది. ఆవిడ మాట తప్పే మనిషి కాదు. అందుచేత మీ అందరి ఎదుటా కుడిచెయ్యి పైకెత్తి ప్రమాణం చేస్తున్నాను. ఓడిపోవడానికి ఈ జన్మలో మళ్ళీ ప్లాను వేయను. ప్లాను లేకుండానే రోజూ జరిగిపోతోంది.