చెక్కల తాళానికి ఏడో ఎక్కం

మా పాప చిన్నప్పుడు... బెంగళూరు కె.ఆర్.పురంలో మా వీధి చివర ఒక చిన్న ఇంగ్లీషు బడి ఉండేది. పాప మూడో తరగతి. ఒకరోజు చూస్తే గూట్లో నా చెక్కలు లేవు! చెక్కభజన చెక్కలు... కదిరి పక్క మా ఊళ్ళో మా నాయన ఆడినవి. గోడలు కట్టే బేల్దారి పనికి బెంగళూరు వస్తూ బియ్యం మూటలో పెట్టుకుని తెచ్చుకున్నవి.

"మేరీ టీచరు అడిగిందంట, పాప ఎత్తుకపోయింది" అంది మా ఆవిడ.

నాకు ఒళ్ళు మండింది. దేవుని ముందర ఆడే చెక్కలు పిల్లకాయలకా! నేరుగా బడికి పోయాను.

పోతే అక్కడ పెద్దసారు ఎక్కాలు అడుగుతున్నాడు. ఏడో ఎక్కం రాకుంటే పాప మళ్ళీ మూడులోనే. పాప చేతులు కట్టుకుని బిగుసుకుపోయింది.

"సార్, చెక్కల తాళానికి అడుగులేయిస్తా నేర్పించినాను. కాళ్ళు కదలనిస్తే చెప్తాది" అంది టీచరు.

"ఇది బడినా, భజన గుడినా?" అన్నాడు పెద్దసారు.

ఆ మాటతో నా కోపం అటు తిరిగింది. బల్ల మీదున్న నా చెక్కలు అందుకుని ఒక్క దెబ్బ వేశాను. "ఎయ్ పాపా అడుగు!"

అంతే... కాళ్ళు లేచాయి! సెవెన్ వన్స్ ఆర్ సెవెన్... ఘల్లు! సెవెన్ టూస్ ఆర్ ఫోర్టీన్... ఘల్లు! నాకు ఇంగ్లీషు ముక్క రాదు, తాళం వచ్చు. పిల్లలంతా లేచి గుండ్రంగా తిరగడం మొదలుపెట్టారు.

"సాకమ్మా, సాకు! పాసు!" అని పెద్దసారు కన్నడంలో చాలు చాలంటూ చెయ్యెత్తాడు. పాప ఆగితే కదా!

"మధ్యలో నిలిపేది లేదు సార్, చుట్టు ముగియాల. కూచోప్పా రవ్వంతసేపు!" అన్నాను.

కూర్చున్నాడు! సెవెన్ ట్వెల్వ్స్ వచ్చేసరికి ఆయన బూటు కూడా తాళం వేసింది. ఆయన కాదన్నా సరే, నేను చూశాను.

వట్టి చేతులతో ఇంటికొస్తే మా ఆవిడ అడిగింది, "చెక్కలేవీ?"

"బడిలో ఉండాయి. వాటికి పనుండాది."

ఇప్పుడు మనవరాలి బడిలో డాన్సు వేరే పీరియడు, లెక్కలు వేరే పీరియడు. లెక్కలప్పుడు కదలకూడదంట! మొన్న చూస్తే మా పాప దాని చేత ఎక్కం చెప్పిస్తోంది... మంచం మీద కూచున్న తల్లీకూతుళ్ళ కాళ్ళు నాలుగూ కింద ఆడుతున్నాయి. ఎవరాపుతారు?

మీ కాళ్ళకు ఇంకా గుర్తున్న పాఠం ఏదప్పా... చెప్పండి!