మా కుక్క పట్టిన కార్తీక దీక్ష

కార్తీక మాసం వస్తే మా ఇంట్లో నీసు గడప తొక్కదు. మైదుకూరులో మా వీధికంతా ఈ సంగతి తెలుసు, ఎందుకంటే ఇంటింటికీ చెప్పింది నేనే. అడగనివాళ్ళను కూడా ఆపి మరీ చెప్పేవాణ్ణి.

రెండేళ్ళ కిందట ఆ నెల మొదట్లోనే మా కుక్క నాలుగు పిల్లల్ని పెట్టింది. అంతకుముందు దానికి రోజూ కోడి కాళ్ళో తలకాయలో ఉడికించి పెట్టేవాళ్ళం. దీక్ష మొదలైంది కదా అని నేనే ఆపించాను. ఇక మిగిలింది రాగిసంగటి, నెయ్యి, పల్చటి మజ్జిగ. మా ఆవిడ రెండు రోజులు చూసింది.

"పాలిచ్చే తల్లికి సంగటి యాడ చాలుతుంది? పెరట్లో మూడు రాళ్ళు పెట్టి రెండు గుడ్లు ఉడకేస్తా. ఇంట్లోకి తేనులే," అంది.

"ఈ నెల అది గూడా మనతోపాటే ఉండాల," అన్నాను. పెద్ద దయ చేసినట్టు, నెయ్యి ఇంకో చెంచా ఎక్కువ వెయ్యమన్నాను. ఆ మాట ఎంత దర్జాగా అన్నానో తలుచుకుంటే ఇప్పటికీ తల ఎత్తబుద్ధి కాదు.

ఎందుకంటే నా అసలు బతుకు ఇది. పని మీద వారానికి రెండుసార్లు ఓర్వకల్లు పోయేవాణ్ణి. మొదటి వారం ఎలాగో నోరు కట్టుకున్నాను. రెండో వారం, ఊరు దాటాక ఎవరు చూడొచ్చారులే అని రోడ్డు పక్క హోటల్లో మటన్ బిర్యానీ ముందు కూర్చున్నాను. తర్వాత అదే అలవాటైపోయింది. సబ్బుతో రెండుసార్లు చేతులు కడిగి, సోంపు నమిలి, ఇంటికొచ్చి దీపానికి దండం పెట్టుకునేవాణ్ణి.

ఒకరోజు అలాగే వచ్చాను. కుక్క పిల్లల్ని వదిలి గుమ్మం దాకా వచ్చి, నా కుడి చేతి వేళ్ళు వాసన చూసి ఒక్కొక్కటే నాకడం మొదలుపెట్టింది. గోళ్ళ సందులు కూడా వదల్లేదు. చెయ్యి వెనక్కి తీసుకుంటే వెంట వచ్చింది. దాని పక్కటెముకలు నాకు అప్పుడు కనిపించాయి.

"నువ్వంటే ఎంత ప్రేమో చూడు," అంది మా ఆవిడ. నేను నవ్వాను.

మరునాడు పొద్దున ఒక పిల్ల చల్లబడి ఉంది. మిగతా మూడింటినీ గంపలో పెట్టుకుని, తల్లిని తీసుకుని పశువుల డాక్టరు దగ్గరికి పరిగెత్తాం. ఏం పెడుతున్నారని అడిగితే చెప్పాం.

"సంగటంతా పిండి పదార్థం, నెయ్యంతా కొవ్వు. అవి శానా పెట్టినారు, ప్రోటీన్ మాత్రం లేదు. పాలు యాడ నుంచి వస్తాయి సార్? ఇన్నాళ్ళూ తన కండ కరిగించి ఇస్తాండాది," అన్నాడాయన.

నేను నోరు తెరిచేలోపు మా ఆవిడ అందుకుంది. "తప్పు నాదే సార్. ఆయన నిష్ఠ చెడకూడదని నేనే గట్టిగా అడగలే."

అప్పుడైనా చెప్పి ఉండాల్సింది. చెప్పలేదు. నిష్ఠాపరుడిలాగే తల దించుకుని నిలబడ్డాను. చచ్చిపోయిన పిల్లను పెరట్లో పూడ్చేటప్పుడు ఆమె ఏడుస్తూ క్షమించమంది, నేను పక్కనే ఉండి విన్నాను.

ఆ రోజు నుంచే గుడ్లు ఉడికాయి. మూడు పిల్లలూ బతికాయి. ఇప్పుడు కార్తీకమైనా ఆమె నన్ను అడగదు, పెరట్లో పొయ్యి వెలిగిస్తుంది. నేనూ ఇప్పుడు నిజంగానే దీక్ష ఉంటున్నాను, ఓర్వకల్లులో కూడా. కానీ ఇంటికి రాగానే కుక్క గుడ్ల పళ్ళెం వదిలి నా దగ్గరికి వస్తుంది. వేళ్ళన్నీ వాసన చూసి, ఆ తర్వాతే తిండికి పోతుంది. మా ఆవిడ ఇంకా అది ప్రేమేనంటుంది. కుక్క వాసన చూడటం అయ్యేదాకా నేను చేతులు చాపి నిలబడతాను.