గురువులు బండి కాడి దించిన వేసవి

మా ఊరు గోస్తనీ ఒడ్డున, భీమిలికి దగ్గర. ఊళ్లో మిగిలిన ఒకే ఒక్క ఎడ్లబండి గురువులు అనే అతనిది. కొన్నాళ్లు స్టీల్‌ప్లాంటులో కాంట్రాక్టు కూలీగా చేసి, "ఆ మోతలో మాటాడ్డానికి మనిషి దొరకడు" అంటూ తిరిగొచ్చేసిన వాడు. మాటల పుట్ట. మనిషి దొరక్కపోతే ఎడ్లతో మాట్లాడతాడు. పొలానికి గత్తం ఎరువైనా, పెళ్లి సామానైనా అతని బండి కదలాల్సిందే.

నా సంగతీ చెప్పాలి. నేను ఊరి బడిలో అయిదు దాకా చదివాను. పోర్టులో గ్యాంగు మేస్త్రీగా రిటైరయ్యాను. పోర్టు దగ్గర మల్కాపురంలో ఉన్నప్పుడు మా వీధికి కుళాయి తెచ్చింది నేను. ఇక్కడికి తిరిగొచ్చాక ఊరికి బస్సు వేయించింది నేను. ఇసుక లారీలు ఏటిని తవ్విపోయడంతో ఏట్లోని మా ఊటబావి అడుగంటితే, ఊరందరినీ లారీలకు అడ్డంగా కూర్చోబెట్టిందీ నేనే. లారీలు మళ్లీ రాలేదు. ఆ ఊపులో ఏటి కమిటీ పెట్టి, బావి చుట్టుపక్కల ఎవరూ పార దించకూడదని దండోరా వేయించాం.

మా ఊళ్లో పాత ఆచారం ఒకటుంది. కట్టుబాటు తప్పినవాడి బండి కాడి దించి రామకోవెల గోడకు ఆనించేస్తాం. పెద్దలు తిరిగి ఇచ్చేదాకా వాడికి ఎవరూ కాడి అరువివ్వరు.

మొన్న వేసవిలో గురువులు ఆ బావి పక్కనే ఇసుక ఎత్తుతూ దొరికాడు. అక్కడికక్కడే కాడి దించమన్నాను.

"మేస్త్రీబాబూ, ఒక్క మాట ఇనండి."

"నీ మాటలు వింటే తెల్లారిపోద్దిరా. ఎడ్లకి చెప్పుకో, పో."

చుట్టూ చేరిన వాళ్లందరూ నవ్వారు. నేనూ మురిసిపోయాను.

అది మొదలు రోజూ పొద్దున్నే వచ్చి మా అరుగు కింద నిలబడేవాడు. "కమిటీ కూర్చున్నప్పుడు చూద్దాంలే" అనేవాణ్ణి. నేను పిలిస్తే గాని కమిటీ కూర్చోదు. పెళ్లిళ్ల కాలమంతా బండి కదల్లేదు. మేత కొనలేక ఒక ఎద్దును సంతలో అమ్మేశాడు. అప్పుడు అతని భార్య గౌరీశ్వరి భీమిలి వెళ్లి రెవెన్యూ ఆఫీసులో అర్జీ పెట్టింది.

నన్నూ గురువులునూ ఆఫీసుకు రమ్మంటే, సన్మానానికి పిలిచినట్టు ఇస్త్రీ పంచె కట్టుకుని వెళ్లాను. లారీల కథ ఎత్తుకున్నాను. యశస్విని అని, నా మనవరాలి ఈడు ఆఫీసరమ్మ, చివరిదాకా విన్నది.

"లారీలను ఆపి మంచిపని చేశారు తాతగారూ. మరి ఇతను దొరికినప్పుడు మాకెందుకు చెప్పలేదు? బండి ఆపే అధికారం మీకెవరిచ్చారు?"

"ఊరిచ్చిందమ్మా."

"ఊరు ఫిర్యాదు చెయ్యొచ్చు. శిక్ష వేసే అధికారం ఊరికి లేదు. సరే, ఇసుక ఎందుకు తీశాడట?"

నాకు తెలియదు. అన్నాళ్లు అరుగు కింద నిలబడిన మనిషిని ఆ ముక్క నేను అడగనేలేదు.

ఆవిడ గురువులు వైపు తిరిగి, "మీరు కూర్చుని నిదానంగా చెప్పండి" అంది.

"ఎత్తానమ్మా, తప్పే. మరుగుదొడ్డి గోడ కట్టుకుంతన్నాం. ఇసకెత్తుకునే కిందరేవు దారి ఏటికి కోసుకుపోనాది, బండి దిగదు. దండోరా ఏసిన్నాడు నాను తగరపువలసలో ఉన్నాను. ఈ మాటే సెప్దామని రోజూ ఎల్లాను బాబింటికి."

బావి దగ్గర మళ్లీ తవ్వితే కేసవుతుందని ఆఫీసరమ్మ అతన్ని హెచ్చరించింది. కిందరేవు దారి బాగుచేయిస్తామంది. కాడి ఈరోజే ఇచ్చెయ్యమని నాతో చెప్పింది. మాకిచ్చిన టీ చల్లారేలోగా అంతా అయిపోయింది.

కాడిని గురువులు ఇంటికి నా భుజం మీదే మోసుకుపోయాను. వాకిట్లో గౌరీశ్వరి చూసింది.

"ఎద్దొకటే ఉన్నాది బాబూ. రెండోపక్క తవరు కట్టుకుంతారేటి?"

"నువ్వూరుకోయే" అన్నాడు గురువులు.

"అననీరా. తప్పు నాది. సాయంత్రం కమిటీలో అందరి ముందూ ఒప్పుకుంటాను. నువ్వూ వచ్చి నీ మాట చెప్పు."

అతను తలెత్తకుండా గడ్డి కోస్తూనే ఉన్నాడు. "ఇప్పుడేటి సెప్తాను బాబూ."

ఇంకేమైనా అంటాడేమోనని చాలాసేపు నిలబడ్డాను. అతను కోసిన గడ్డి తీసుకెళ్లి ఎద్దు ముందు వేశాడు.

సాయంత్రం కమిటీలో నా తప్పు చెప్పాను. ఇకమీదట ఎవరు దొరికినా ముందు వాళ్ల మాట వినాలి, తర్వాత ఆఫీసుకు కబురు పెట్టాలి, కాడి మీద చెయ్యి వెయ్యకూడదు అన్నాను. నేనన్నాను గనక అందరూ సరేనన్నారు. ఒక్కరూ ఎందుకని అడగలేదు. గురువులు రాలేదు.