ఫ్యూజు డబ్బాకు అంచు నేసిన హనుమాండ్లు

మూసారాంబాగ్ వంతెన నుంచి తుర్కయంజాల్ దాకా తిరిగే కార్లన్నీ ఒకే ముహూర్తానికి ఆగిపోయినా సరే, హనుమాండ్లు తాత లుంగీ ఎగ్గట్టి, చొక్కా జేబులోంచి కరెంటు తగిలితే వెలిగే ముల్లు మొనల టెస్ట్ లైటు తీసి, ఒక్కొక్క దాని బానెట్ కింద చెయ్యి పెట్టాడంటే భోజనాల వేళకు అన్నీ కదులుతాయి. తీరిక దొరికితే పైన పోయే మెట్రోకు కూడా రెండు రిలేలు మార్చి వస్తాడు. కాలిన ఫ్యూజులు ఆయన అడుగుల చప్పుడు వినగానే సిగ్గుపడి వాటంతట అవే అతుక్కుంటాయని వినికిడి. ఆయన సొంత కారు మాత్రం నెలకు మూడుసార్లు ఆగుతుంది. అది వేరే సంగతి.

హనుమాండ్లు పుట్టింది పోచంపల్లిలో, మగ్గం గుంత పక్కన. పన్నెండేళ్లకే చిటికీలు కట్టడం నేర్చాడు. అంటే రంగు అంటకూడని చోట నూలుకు దారం బిగించి కట్టే పని. ఒక్క ముడి వేలెడు పక్కకు పోతే చీర మీద చిలుక కాస్తా కాకి అయి కూర్చుంటుంది. ముప్పై ఏళ్లు నిండాక మగ్గం వదిలి పట్నం వచ్చాడు. దిల్‌సుఖ్‌నగర్‌లో ఒక చీరల దుకాణంలో ముప్పై మూడేళ్లు చీరలు విప్పాడు, మడిచాడు, మళ్లీ విప్పాడు. పని మానిన రోజు దండ వద్దు, శాలువా వద్దు, దుకాణం వెనక దుమ్ముకొట్టుకుపోయిన పాత ఎర్ర కారు ఇప్పించండి అన్నాడు. సేటు ఎంత సంతోషంగా ఇచ్చేశాడంటే, ఆ సంతోషం చూసినప్పుడే అనుమానం రావాల్సింది.

ఆ కారును నడిపించడానికి చదువు కావాల్సి వచ్చింది. ఊళ్ల నుంచి పిల్లలు ఇంజనీరింగు కోచింగుకు వచ్చే చైతన్యపురిలోనే, ఒక హాస్టల్ గోడకు ఆనుకొని ఉన్న భిక్షపతి షెడ్డులో తాత కూడా కోచింగ్‌లో చేరాడు. భిక్షపతి నల్లగొండ వైపు మనిషి, కార్ల కరెంటు పని చేస్తాడు. ఆయన వైరు పట్టుకుంటే తాత స్టూలు మీద కూర్చొని చూసేవాడు. రెండేళ్లలో తాతకు రెండు సంగతులు వంటబట్టాయి. కరెంటు మితిమీరితే ముందు తాను తెగి వైరును కాపాడేది ఫ్యూజు. సేటు కనుసైగ చూసి షట్టరు ఎత్తే పనివాడిలాగా, చిన్న స్విచ్చు సైగకు పెద్ద కరెంటును వదిలేది రిలే. ఈ రెండూ తెలిశాక ఇక తెలుసుకోవాల్సింది లేదని తాత స్టూలు దిగాడు. పాత స్టీలు టిఫిన్ డబ్బాలో విడి ఫ్యూజులు పోసి కారులో పెట్టుకున్నాడు. అది ఆయన దవాఖాన.

ఆయన భార్య రాజమ్మకు ఆ దవాఖాన మీద అంత గురి లేదు. పెళ్లికని బయలుదేరి భువనగిరి రోడ్డు మీద ఎండలో నిలబడింది. సీమంతానికని పోయి పసుపు కుంకుమలు పంచి ముగించాక చేరింది. ఒక ఆదివారం పొద్దున చాయ్ గ్లాసు ఆయన ముందు గట్టిగా పెట్టింది.

"ఏమయ్యో, ఇనవడ్తున్నదా? గురువారం మా చెల్లె యాదలక్ష్మి గృహప్రవేశం. తుర్కయంజాల్ల. పదిన్నరకు ముహూర్తం. గీ బండిల నన్ను టయానికి తీస్కపోయినవా, మంచిదే. తొవ్వల ఆగిందా, శుక్రారం పొద్దుగాల పాత ఇనుపసామానోడు ఒస్తడు. నేను చెప్పేసిన."

"చెప్పేసినవా?"

"ఫోన్ల చెప్పేసిన."

తాత చాయ్ తాగలేదు. మగ్గం పోయింది, దుకాణం పోయింది. ఇంక ఆయన వేళ్లు ఏదైనా పట్టుకోవడానికి మిగిలింది ఆ ఎర్ర కారే. అది కూడా పోతే పొద్దున్నుంచి సాయంత్రం దాకా రాజమ్మతో టీవీ సీరియళ్లు చూడాలి. ఆ భయం ముందు యమధర్మరాజు చిన్న గుమాస్తా.

సోమవారం పొద్దున్నే బానెట్ ఎత్తాడు. గురువారానికి బండి అద్దంలా ఉండాలని ఫ్యూజు డబ్బా మూత తీశాడు. లోపల చూసి ముఖం చిట్లించాడు. ఒక ఎరుపు, పక్కన నీలం, రెండు పసుపులు, మళ్లీ ఎరుపు, ఎక్కడో మూలకు ఒక ఆకుపచ్చ. రంగుకు రంగుకు పొంతన లేదు. అలాంటి చీరను దుకాణంలో విప్పి చూపిస్తే కొనేవాళ్లు కాదు, కొట్టేవాళ్లు.

ఫ్యూజుల రంగులకు ఒక లెక్క ఉందని భిక్షపతి చెప్పకపోలేదు. పది ఆంపియర్లకు ఎరుపు, పదిహేనుకు నీలం, ఇరవైకి పసుపు, ముప్పైకి ఆకుపచ్చ. ఎంత కరెంటును మోయగలదో రంగే చెబుతుంది. ఆ పాఠం రోజు తాత సమోసా తింటున్నాడు. ఇప్పుడు అన్నీ పీకి, పాత టూత్‌బ్రష్‌తో తోమి, ఆరబెట్టి, తిరిగి పెట్టాడు. రెండు అంచులకూ ఎరుపు, దాని లోపల నీలం, నడుమ పసుపు, సరిగ్గా మధ్యలో ఆకుపచ్చ. వెనక్కి జరిగి చూసుకుంటే కళ్లు చల్లబడ్డాయి. పోచంపల్లి అంచు!

మనవరాలు అరుణశ్రీని ముందు సీట్లో కూర్చోబెట్టుకొని పరీక్షకు బయలుదేరాడు. దిల్‌సుఖ్‌నగర్ దాటేదాకా పాటలు పాడిన బండి చైతన్యపురి సిగ్నల్ దగ్గర పొగలు కక్కింది. ఇంజన్‌ను చల్లబరిచే ఫ్యానుకు ఆకుపచ్చది ఉండాల్సిన చోట అంచు కోసం ఎరుపు పెట్టాడు మరి. ముప్పై మోయాల్సిన చోట పది మోసేది ఎంతసేపు ఉంటుంది? ఫ్యాను తిరిగిన మొదటి నిమిషంలోనే తెగి ఊరుకుంది.

నలుగురు కోచింగు పిల్లలు తోసుకుంటూ భిక్షపతి షెడ్డు దాకా తెచ్చారు. భిక్షపతి మూత తీశాడు.

"కాకా, గిదేంది? కొంగు నేసినవా?"

"అంచు," అన్నాడు తాత, సరిదిద్దాల్సిన బాధ్యత తనదే అన్నట్టు.

"మంచిగుంది. ఫోటో తీసి గోడకు కొడ్త. గని ఏది ఏడ ఉండేదో నాకెట్ల ఎరుక? మూత మీది కాయితం ఎప్పుడో ఊడిపాయె. గీ మోడల్ బండి గీ చుట్టుపక్కల నీదొక్కటే బతికున్నది."

తాత స్టూలు మీద కూర్చొని కళ్లు మూసుకున్నాడు. ఎడమ చేతి వేళ్లు గాలిలో నూలు పోగులను పట్టుకున్నట్టు కదిలాయి. తర్వాత పూజారి మంత్రం చదివినట్టు మొదలుపెట్టాడు. "పైవరస. ఎరుపు, నీలం, పసుపు, పసుపు, ఎరుపు, ఎరుపు, నీలం. కిందివరస. పసుపు, ఎరుపు, ఖాళీ, నీలం, నీలం, ఎరుపు, మూలకు ఆకుపచ్చ."

భిక్షపతి ఒక్కొక్కటీ పెడుతూ పోయి, తెగిన దాని చోట కొత్తది వేసి, తాళం తిప్పాడు. లైట్లు, వైపర్లు, ఫ్యాను, అన్నీ లేచాయి.

"అబ్బ! ఒక్కసారి సూసింది గట్లెట్ల యాదికుంది కాకా?"

"గంత అడ్డమైన డిజైను జిందగీల సూడలే. ఎట్ల మర్సిపోత?"

గురువారం తొమ్మిదికి రాజమ్మ పట్టుచీరలో, ఒళ్లో పసుపు గిన్నె పెట్టుకొని వెనక సీట్లో కూర్చుంది. పక్కన అరుణశ్రీ. పై పోర్షన్‌లో ఉండే గుంటూరు శ్రీరామమూర్తి బాల్కనీలోంచి వంగి, "హనుమాండ్లు గారూ, దూరం వెళ్తున్నారు కదండీ, నా మాట విని క్యాబ్ పిలిపించుకోండి," అన్నాడు. కారు పోతే ఆ నీడపట్టు జాగా తన స్కూటర్‌కు వస్తుందని ఆయన ఆశ. పాపం, ఎంత మంచి మనిషో. తాత అద్దం ఎత్తేశాడు.

దిల్‌సుఖ్‌నగర్ దాటింది. చైతన్యపురి కూడా మర్యాదగా దాటింది. రాజమ్మ ముఖంలో నమ్మకం లాంటిది ఏదో మెల్లగా పాకడం అద్దంలో చూసి తాత ఈల కూడా వేశాడు. ఎల్బీనగర్ చౌరస్తాలో, మెట్రో స్టేషన్ నీడలో, ఇంజన్ ఒక్కసారి దగ్గి ఆగిపోయింది.

"ఆగిందా?" అంది రాజమ్మ.

"సిగ్నల్ పడ్డది."

"పచ్చగున్నది సిగ్నలు."

వెనకనుంచి బస్సు మోగింది, ఆటోలు మోగాయి. ఇద్దరు ఆటోవాళ్లు దిగి, తాత వంశం గురించి తమకు తెలిసిన సంగతులన్నీ చెబుతూనే బండిని పక్కకు తోశారు. రాజమ్మ పసుపు గిన్నెను రెండు చేతులతో పట్టుకొని పచ్చ సిగ్నలు వైపే చూస్తోంది.

తాళం తిప్పితే ఇంజన్ తిరుగుతోంది, అంటుకోవడం లేదు. అంటే బ్యాటరీ ఉంది, పెట్రోలు పైకి రావడం లేదు. "మాట్లాడకున్రి," అన్నాడు, ఎవరూ మాట్లాడకపోయినా. తాళం సగం తిప్పి చెవి వెనక్కి పెట్టాడు. వెనక సీటు కింద పెట్రోలు పంపు రోజూ రెండు క్షణాలు గుయ్యిమని గొణుగుతుంది. ఇవాళ మౌనం. దిగి టెస్ట్ లైటు వైరును బాడీకి తగిలించి, పంపు ఫ్యూజు రెండు కాళ్ల మీదా ముల్లు పెట్టమని అరుణశ్రీకి చెప్పాడు. తాను తాళం తిప్పాడు. రెండు వైపులా బల్బు వెలగలేదు. పీకి వెలుతురుకు పట్టి చూశాడు. లోపలి తీగ తెగలేదు. ఫ్యూజు బాగుంది, దానిదాకా కరెంటే రావడం లేదు. ఇక రిలే మీద తానే వేలు పెట్టి, నాడి చూసే వైద్యుడిలాగా కళ్లు మూసుకొని, ఈసారి అరుణశ్రీతో తాళం తిప్పించాడు. లోపల టక్కుమనాలి. అనలేదు.

రిలే పీకి తిరగేశాడు. ఒక కాలు చుట్టూ ప్లాస్టిక్ గోధుమరంగుకు మాడింది. తాతకు అప్పుడు అర్థమైంది. సోమవారం అంచు అందం కోసం పంపు చోట ఆకుపచ్చది పెట్టాడు. ముసలి పంపు ఎక్కువ కరెంటు లాగినప్పుడు తెగాల్సిన ఫ్యూజు తెగకుండా కూర్చుంది. దాని బదులు రిలే కాలడం మొదలుపెట్టి, మూడు రోజులు ఓర్చుకొని, సరిగ్గా ఇక్కడ ప్రాణం విడిచింది. టిఫిన్ డబ్బాలో ఫ్యూజులు దోసెడు ఉన్నాయి. రిలే ఒక్కటీ లేదు.

"పది దాటింది," అంది రాజమ్మ కిటికీలోంచి.

తాత డబ్బాలోకి చూస్తూ నిలబడ్డాడు. ఏ పోగు తెగినా అదే లావు పోగు మరోచోటి నుంచి తెచ్చి అతికిన చెయ్యి అది. మాడిన రిలేకు నాలుగు కాళ్లు. పక్కన సరిగ్గా అలాంటిదే ఇంకొకటి, నాలుగు కాళ్లదే, హారన్‌ది. దాన్ని పీకి పంపు గూటిలో నొక్కాడు. తాళం తిప్పాడు. టక్. వెనక సీటు కింద గుయ్యి. ఇంజన్ లేచింది.

"రాజమ్మా, పోదాం. గని హారన్ లేదు."

"హారన్ లేకుంట సాగర్ రోడ్డు మీదనా? మనుషులమేనా మనం?" అంది రాజమ్మ. తర్వాత గడియారం చూసుకుంది. పసుపు గిన్నెను మనవరాలి ఒళ్లో పెట్టి, వెనక అద్దం పూర్తిగా దించి, నడుము దాకా బయటికి వచ్చింది.

"ఓ లారీ! జరుగు, జర పక్కకు! ఓ బిడ్డా, ఫోను జేబుల వెట్టి బండి నడుపు, మీ అమ్మ సూస్తే ఏడుస్తది! ఏయ్ ఆటో, ముహూర్తమున్నది, జరుగూ!"

సాగర్ రోడ్డు సాగర్ రోడ్డంతా పక్కకు జరిగింది. అంబులెన్సుకు కూడా అంత దారి ఇవ్వరు. నలభై ఏళ్లుగా ఒక్క మనిషి మీద మాత్రమే వాడిన గొంతుకు మొదటిసారి తగినంత జాగా దొరికింది. పదీ ఇరవై ఎనిమిదికి బండి యాదలక్ష్మి ఇంటి ముందు ఆగింది. ఆ రోజు అక్కడ కొత్త ఇంటి గురించి ఎవరూ మాట్లాడలేదు. రాజమ్మ లారీలను ఎట్లా తరిమిందో రాజమ్మే చెప్పింది, వడ్డించేటప్పుడు ఒకసారి, తిన్నాక రెండుసార్లు.

కానీ మాట మాటే. బండి తొవ్వలో ఆగింది. శుక్రవారం పొద్దున్నే తాత లేచి, కారును తడిగుడ్డతో తుడిచాడు. లైట్ల దగ్గర రెండుసార్లు తుడిచాడు. టిఫిన్ డబ్బా తీసి చంకలో పెట్టుకొని, మెట్టు మీద కూర్చున్నాడు. అంత పెద్దమనిషి ఆ వేళ సరిగ్గా బడి ఎగ్గొట్టి దొరికిపోయిన పిల్లాడిలాగా ఉన్నాడు.

పాత ఇనుపసామానువాడు ట్రాలీ తెచ్చి గేటుకు అడ్డంగా నిలిపాడు. లోపలినుంచి రాజమ్మ చేతిలో కూరగాయల సంచితో వచ్చింది. కారు తలుపు తీసి కూర్చొని, అద్దం దించింది.

"ఏయ్! బండికడ్డం నిలిపినవేంది? జరుగు!"

"మీరే గదమ్మ రమ్మన్నది?"

"నేనా? ఎప్పుడు? జరుగయ్యా, కొత్తపేటకు పోవాలె." తర్వాత మెట్టు వైపు తిరిగి, "నువ్వేంది గట్ల కూసున్నవ్? తియ్యి బండి," అంది.

అది జరిగి మూడు నెలలు. భిక్షపతి ఇచ్చిన కొత్త హారన్ రిలే టిఫిన్ డబ్బాలో, కవరు కూడా చింపకుండా, అలాగే ఉంది. అరుణశ్రీ ఇదంతా రాసి, బండి మళ్లీ ఆగి బానెట్ కింద తల పెట్టిన తాతకు చదివి వినిపించింది. కాలిన ఫ్యూజులు సిగ్గుపడి అతుక్కుంటాయన్న చోట ఆయన నవ్వనైనా నవ్వలేదు, అది నిజమే అన్నట్టు తల ఊపాడు. చివర ఆమె అడిగింది. "గంత పెద్ద డాక్టర్‌వి గదా తాతా, రెండు నిమిషాల పని. హారన్ రిలే ఎందుకు ఎయ్యలే?"

"ఏస్తే మీ నాయినమ్మ బండెక్కది. ఎక్కకుంటే అమ్ముతది. ఇంటర్ సదివినదానికి గీ మాత్రం సమజ్ గాదా? కాయితం పక్కకు వెట్టి టార్చి పట్టు."