మా బడి మిద్దెకు సున్నం వేయించిన మేడం

మా ఊరి హైస్కూల్లో సైన్స్ చెప్పిన మేడం కాలం చేశారు. శివరాత్రి మరునాడు పొద్దున ఉపవాసం విడవడానికి అన్నం వండుతుంటే మహబూబ్‌నగర్ నుంచి మా బిడ్డ ఫోన్ చేసింది. "అమ్మా, సైన్స్ మేడం లేరంట. దవాఖానకు తీస్కపోయిండ్రంట గాని దక్కలేదంట" అన్నది. పొయ్యి బంద్ చేసి, దేవుని ముందు దీపం పెట్టి, ఆమెను తలచుకుంటూ కూర్చున్నాను. ఏడుపు వస్తుందనుకున్నాను. మిద్దె మీద కాళ్లు ఎత్తెత్తి వేస్తూ గంతులేసిన పిల్లలు కళ్ల ముందుకు వచ్చి, ఏడుపు కంటే ముందు నవ్వు వచ్చింది.

మేడం మక్తల్‌లో కిరాయి ఇంట్లో ఉండి రోజూ బస్సులో వచ్చేవారు. సంచిలో చేతిరుమాలులో చుట్టిన థర్మామీటర్ ఉండేది. జ్వరం చూసేది కాదు, గదిలో వేడి చూసేది. ఎవరింటికి వచ్చినా చాయ్ తాగేలోపు దాన్ని గోడకు తగిలించి, పోయేటప్పుడు చూసుకునేవారు. సాయంత్రం సీసాలో మిగిలిన నీళ్లను గేటు పక్కనున్న వేప మొక్కకు పోసి గానీ బస్సెక్కేవారు కాదు. పిల్లలకు ఏం చెప్పినా చివర ఒకటే మాట: "నేను చెప్పిన్నని నమ్మకుండ్రి. ముట్టి సూడుండ్రి."

వాతావరణ మార్పు పాఠంలో మంచు కరుగుతుంది, సముద్రం పెరుగుతుంది అని ఉందట. వెనక బెంచీ పిల్లవాడు లేచి, సముద్రం మక్తల్ దాకా వస్తదా అని అడిగాడట. అందరూ నవ్వారు. మేడం మాత్రం, "సముద్రం రాదు బిడ్డా. మన దిక్కు ఎండ వస్తది. అది ఎప్పుడో బస్సెక్కింది" అన్నారట. ఆ మాట మా బిడ్డ ఇంటికి వచ్చి చెప్తే మా అత్తమ్మ కూడా నవ్వింది.

ఆ ఏడే ఎండ నిజంగా వచ్చింది. మా బిడ్డ పదో తరగతి. ఒంటిపూట బళ్లు మొదలయ్యాక పదో తరగతి వాళ్లకు మధ్యాహ్నం పై గదుల్లో ప్రత్యేక తరగతులు పెట్టారు. కింద గదుల్లో చిన్న పిల్లల బెంచీలే ఉండేవి. పైన స్లాబు కాగి ఫ్యాన్ కింద కూడా వేడిగాలే వచ్చేది. ఒకరోజు మా బిడ్డ బోర్డు ముందర లెక్క చేస్తూ కళ్లు తిరిగి కూలబడింది. ఇంకో పిల్లకు అట్లయితే తనే జవాబు చెప్పుకోవాలని భయపడి హెడ్మాస్టర్ సారు తరగతులు ఆపేస్తామన్నారు. ఆయన తప్పు కాదు. కానీ మా బిడ్డకు లెక్కలంటేనే వణుకు. ఇంట్లో చెప్పేవాళ్లు లేరు. ఆ తరగతులు లేకపోతే అది పదో తరగతి గట్టెక్కదు. పంపితే ప్రాణానికి భయం, పంపకపోతే చదువుకు భయం. హనుమాండ్ల గుడిలో కూర్చుని ఏం మొక్కాలో కూడా తెలియలేదు.

మేడం సారును ఒక్క వారం గడువు అడిగారు. పైన రెండు గదులు. ఒకదాని మిద్దెకు సున్నం వేసి, రెండోదాన్ని అట్లనే ఉంచి, రెండింట్లో థర్మామీటర్లు పెట్టి చూద్దామన్నారు. తేడా లేకపోతే తరగతులు ఆపేయొచ్చన్నారు. సారు సరేనన్నాక మా మహిళా సంఘం వాళ్లను సాయం అడిగారు. ఆదివారం పొద్దున్నే చీపుర్లు పట్టుకుని మేం మిద్దె ఎక్కాం. డ్రమ్ములో సున్నపురాళ్ల మీద నీళ్లు పోస్తే బుడబుడమని ఉడికింది. దగ్గరికి రావద్దని మేడం ఎంత కేకలేసినా, పొయ్యి లేకుండా ఉడికే ఆ డ్రమ్మును చూడటానికి పిల్లలు ఒకరి భుజాల మీద ఒకరు పడ్డారు. పండుగ ముందర ఇంటికి సున్నం వేసినట్టే ఉంది మాకందరికీ.

పొద్దెక్కేసరికి పని అయింది, సున్నం ఆరింది. మేడం థర్మామీటర్లు పెట్టడానికి కిందికి పోయారు. అప్పుడు మా అత్తమ్మ ఇంటి నుంచి జాజు తెచ్చింది. గుడి గోడలకు, గడపలకు సున్నం మీద వేసే ఎర్రమన్ను అది. "జాజు లేకుంటె బోసిగుంటది. సదువుల తల్లి ఉండే జాగా" అంటూ గీతలు పెట్టడం మొదలుపెట్టింది. మాకూ బాగుందనిపించింది. తలా ఒక చెయ్యి వేసి, తెల్లటి మిద్దెను అడ్డంగా నిలువుగా గుడి గోడ లెక్క చేసేశాం.

మేడం పైకి వచ్చి చూశారు. "అయ్యో, మొత్తం తెల్లగనే ఉండాలె గదా" అన్నారు. పని చెడగొట్టామని అప్పుడర్థమై మేం తలలు దించుకున్నాం. మేడం పిల్లల వైపు తిరిగి, చెప్పులు విడిచి తెలుపు మీద నడవమన్నారు. నడిచారు. "ఇగ ఎరుపు మీద నిలబడుండ్రి" అన్నారు. నిలబడిన వాళ్లు నిలబడినట్టే ఎగిరి తెలుపు మీద పడ్డారు. ఇంకేముంది, మిద్దె అంతా ఆటే. ఎరుపు మీద ఎవరు ఎక్కువసేపు నిలబడతారో అని పందేలు. మా అత్తమ్మకు నమ్మకం కుదరలేదు. తానూ పోయి ఎర్ర గీత మీద కాలు పెట్టి, చటుక్కున తీసింది.

"ఓయమ్మో, ఒక్కటే ఎండ గదా. ఇది గిట్ల కాల్తాంది, అది కాల్తలేదేంది?"

"తెలుపు ఎండను ఎనకకు తోలేస్తది అవ్వా. ఎరుపు మింగుతది. నువ్వు గీతలు పెట్టకపోతె గిది నేను గింత మంచిగ చెప్పలేకపోయేదాన్ని."

అత్తమ్మే చీపురు పట్టి గీతల మీద సున్నం వేసింది. చుట్టూ అంచు మాత్రం ఉండనిమ్మని మేడమే అన్నారు, అందంగా ఉందని. ఆ వారంలోనే అత్తమ్మ గుడి పెద్దల వెంటపడి ప్రదక్షిణ బండలకు తెల్ల రంగు వేయించింది. అప్పటిదాకా మధ్యాహ్నం అక్కడ అరికాళ్లు కాలడం భక్తిలో భాగమే అనుకునేవాళ్లం.

మరునాడు మధ్యాహ్నం సారే థర్మామీటర్లు చూశారు. ఒక గదిలో చూసి, రెండో గదిలో చూసి, అద్దాలు తుడుచుకుని మళ్లీ మొదటి గదికి పోయారు. వరండాలో మేమూ పిల్లలూ నిలబడి చూస్తున్నాం. బయటికి వచ్చి, "తరగతులు తెల్ల మిద్దె కింద నడుపుండ్రి మేడం. ఆ రెండోదానికి గూడ ఎయ్యిండ్రి" అన్నారు. ఆ పిల్లల అరుపులు బస్టాండు దాకా వినపడి ఉంటాయి. మా బిడ్డ పదో తరగతి లెక్కలతో సహా గట్టెక్కింది. ఇప్పుడు మహబూబ్‌నగర్‌లో నర్సు చదువు చదువుతోంది.

మేడం దీన్ని గొప్పగా చెప్పుకోలేదు. "ఎండ పెరుగుడు మనం ఒక్క ఊరోళ్లం ఆపలేం. ఎందుకు పెరుగుతాందో తెల్సిన పిల్లలు మాత్రం కావాలె" అనేవారు.

కబురు తెలిసిన మధ్యాహ్నం ఇంట్లో ఉండలేక బడి దాకా పోయాను. నిన్ననే శివరాత్రి అయినా, అప్పుడే ఎండకు రోడ్డు మీద కుక్క కూడా లేదు. పక్కనున్న గోదాము రేకుల మీద ఒక్క పిట్ట వాలలేదు. తెల్లటి బడి మిద్దె మీద మాత్రం పావురాలు, ఏ తొందరా లేకుండా అటూ ఇటూ నడుస్తున్నాయి. వాటి కింది గదిలో పదో తరగతి పిల్లలు గట్టిగా లెక్క చదువుతున్నారు.