గోడ మీది మూడక్షరాల కోసం ఇచ్చోడ దాకా

కరీంనగర్ బస్టాండులో ఉదయం అయిదున్నరకు నిర్మల్ బస్సు ఎక్కాను. ఇంట్లో ఆఫీసు పని అని చెప్పాను. నిజానికి నేను చేసిన తప్పు దిద్దుకోవడానికి పోతున్నాను. ముందురోజు మా పెద్ద డాక్టరు పిలిచి, "ఈ కార్డు రాసింది మీరే కదా? మీరే పోయి సరిచేసి రండి" అన్నారు, అంతే. నాలుగు తిట్టినా బాగుండేది.

సంగతేమిటంటే, నేను బ్లడ్ బ్యాంకులో టెక్నీషియన్ని. బోథ్ వైపు ఊరి రైతు, భూమన్న అనుకుందాం, మా కరీంనగర్ ఆసుపత్రిలో కాన్పయి రక్తం పోయిన చెల్లెలి కోసం ఒక సీసా రక్తం ఇచ్చి వెళ్లాడు. ప్రతి సీసాకూ హెచ్.ఐ.వి. పరీక్ష చేయాలని సర్కారు ఉత్తర్వు అప్పటికి కొత్త. అతని సీసాలో తేడా కనిపించింది. అదే ఉత్తర్వులో ఇంకో మాట కూడా ఉంది: పేరు బయటపెట్టకూడదు, ఆ మనిషికి మాత్రమే చెప్పాలి, రెండో పరీక్షతో రూఢి చేసుకోవాలి. చదివాను కూడా. కానీ పదిహేనేళ్లు మలేరియా పరీక్షలు చేసిన చెయ్యి నాది. మలేరియా తేలితే ఏం చేస్తామో అదే చేశాను. పేరు, ఊరు, జబ్బు రాసి, మనిషిని మళ్లీ పంపమని వాళ్ల ఆరోగ్య కేంద్రానికి కార్డు వేశాను. అక్కడి మలేరియా వర్కరు లచ్చన్న కూడా అలవాటైన పనే చేశాడు. భూమన్న ఇంట్లో లేకపోతే, వాకిలి పక్క గోడ మీద ఎర్రమట్టి జాజుతో తేదీ వేసి, కింద ఆ మూడు ఇంగ్లీషు అక్షరాలు రాసి వచ్చాడు. లచ్చన్న డైరీ చూసి అక్కడి డాక్టరు వెంటనే మాకు ఫోన్ చేశాడు.

కొండగట్టు దగ్గర అంజన్న భక్తులు దిగాక సీటు దొరికింది. మెట్‌పల్లిలో ఎక్కిన ఒక పిల్లగాడు నా పక్కన కూర్చున్నాడు. దుబాయ్ పోవడానికి బొంబాయిలో మెడికల్ పరీక్ష ఉందట.

"మా అన్నను గా మెడికల్లనే వాపస్ పంపిండ్రు సారూ. ఎందుకో ఎవ్వలు చెప్పలే. ఊళ్లె మాత్రం అందరు చెప్తనే ఉన్నరు."

అతను ఆర్మూరులో దిగి నిజామాబాద్ వైపు పోయాడు. ఆ మాట నాతోనే వచ్చింది. పదింబావుకు నిర్మల్. అక్కడ బస్సు మారాను. ఆదిలాబాద్ బస్సు ఘాట్ ఎక్కుతుంటే మనసంతా ఆ గోడ మీదే ఉంది. ఇచ్చోడలో దిగేసరికి పన్నెండు దాటింది. అటు పోయేవాళ్లకు ఒక మాట: అక్కడి జీపులు నిండితే తప్ప కదలవు, ఓపిక తెచ్చుకోవాలి. నేను ముప్పావుగంట కూర్చున్నాను.

జీపులో ఎదురుగా కూర్చున్న, తలకు రుమాలు చుట్టిన పెద్దమనిషి జేబులోంచి బీడీకట్ట కాగితం తీసి నా ముందు పెట్టాడు.

"సారూ, సదువుకున్నట్టున్నరు, జర గిది చూడుండ్రి. మా ఊళ్లె ఒక్క భూమన్న గోడకే రాసిండ్రు. ఊరంత పరేషాన్ ఉన్నది. బోరింగు కాడ ఆళ్ల బిందె పక్కకు పెట్టవట్టిండ్రు. ఇచ్చోడల మందుల దుకాణపాయనను అడుగుదామంటె బందున్నది. సెలవుల మీద పోయిన బడి పంతులు మాపటికొస్తడు, ఆయనతోనన్న సదివిస్త."

కాగితం మీద అవే మూడక్షరాలు, వంకరటింకరగా.

"దోమల మందు లెక్క ఇది. ఈ రోజు ఊరందరికీ రాస్తాం" అన్నాను. ఆ అబద్ధం నా నోట్లోకి ఎలా వచ్చిందో ఇప్పటికీ తెలియదు.

"మాకు సుత?"

"మీకూ రాస్తాం" అని కాగితం మడిచి నా జేబులో పెట్టుకున్నాను. ఇక రాయక తప్పదు.

వాళ్ల డాక్టరు పంపగా ఊరి మొదట్లోనే లచ్చన్న నిలబడి ఉన్నాడు. యాభై ఏళ్ల మనిషి, జాజు డబ్బా పట్టుకుని ఎదురొచ్చాడు.

"మలేరియాకు గిట్లనే రాస్తం గద సారూ! నాకేమెరుక?"

"రాసి పంపిన నాకే బుద్ధి లేదు, నిన్నేమనను? జాజు ఎంతుంది?"

"సగం డబ్బ."

నీళ్లు ఎక్కువ పోసి కలిపాం. ముందు భూమన్న గోడ మీద మూడక్షరాలు మునిగేలా రెండు పూతలుగా జానెడు చదరం పూసి, దాని మీద సుద్దతో తేదీ, ఇంటి నంబరు వేశాం. తర్వాత పక్కిల్లు, ఆ పక్కిల్లు. "మొన్ననే సున్నమేసిన గోడ, మీ చేతులు వడిపోను!" అని ఒక ముసలమ్మ చీపురెత్తింది. రుమాలు పెద్దమనిషి తన గోడకు చదరం పడేదాకా అక్కణ్ణుంచి కదలలేదు. నాలుగింటికి ఊరు పూర్తయింది. బోరింగు దగ్గర భూమన్న భార్య బిందె వరుసలోకి వచ్చింది. ఎవరూ దాన్ని పక్కకు పెట్టలేదు. నాకు ఏడుపొచ్చింది.

పంతులు ఇంకా రాలేదు. అప్పుడే పని నుంచి వచ్చిన భూమన్నను పత్తి చేనులోకి తీసుకుపోయి అంతా చెప్పాను. మొదటి పరీక్ష తప్పు కావచ్చని, రెండోది చేస్తేనే తేలుతుందని, నిజమైతే దాన్ని తీసేసే మందు మా దగ్గర లేదని, కార్డు రాసింది నేనేనని కూడా చెప్పాను. కొడతాడనుకున్నాను. అతను చేతికంటిన మట్టి దులుపుకుని, ఇంటికి పోయి అంగీ మార్చుకున్నాడు. "చెల్లెను చూసొస్త" అని భార్యకు చెప్పి నా వెంట బయలుదేరాడు.

ఇచ్చోడలో అయిదున్నర బస్సు. నిర్మల్‌లో బస్సు మారాం. సోన్ దగ్గర గోదావరి దాటుతుంటే అడిగాడు.

"సారూ, నా రక్తం మా చెల్లెకు ఎక్కిచ్చిండ్రా?"

"లేదు. ఎక్కించేముందే పరీక్ష చేశాం. ఆ సీసా వాడలేదు, ఆమెకు వేరే రక్తం ఎక్కించాం."

"నిజంగనా?"

"నా చేతులతోనే పక్కన పెట్టాను."

తువ్వాల మొహానికి అడ్డం పెట్టుకుని బస్సంతా తిరిగి చూసేలా ఏడ్చాడు. "గీ ముచ్చట ముందుగాల చెప్పేదుండె సారూ. చేన్ల నిలవడ్డప్పటిసంది గదొక్కటే నన్ను తింటున్నది."

ఆ ఉత్తర్వులో ఒక మాట పాటించినందుకు అతని చెల్లెలికి ఆపద తప్పింది. ఇంకో మాట మరిచినందుకు అతని గోడ ఎర్రబడింది. మర్నాడు పొద్దున రెండోసారి రక్తం తీసినప్పుడు గొట్టం మీద నంబరే వేశాను. ఫలితం వచ్చాక తలుపు వేసి అతని ఒక్కడికే చెప్పాను. అదేమిటో మీకు చెప్పను.